నందిరేవు పురపాలక సంఘం వారి కన్యాదానం

నందిరేవు పట్టణంలో మురుగు కాలువలు లేవు. సదాచార పరిరక్షణోపసంఘం ఉంది. ఈ రెండింటిలో ఏది ముందు కావాలన్న ప్రశ్న ఒకప్పుడు పురపాలక సంఘం వారి ఎదుటికి వచ్చిందట. మురుగు కంటికి కనబడుతుంది గనుక ప్రజలు దాన్ని దాటుకుని పోగలరనీ, అనాచారం కంటికి కనబడదు గనుక దానికొక ఉపసంఘం అత్యవసరమనీ పెద్దలు తేల్చారట. ఆ నిర్ణయంలోని దూరదృష్టిని నేనెన్నడూ శంకించలేదు. వానాకాలంలో మోకాలిబంటి నీళ్ళలో పంచె ఎగగట్టి నడుస్తున్నప్పుడు కూడా శంకించలేదు.

ఉపసంఘానికి అధ్యక్షులు రావుసాహెబు తాళ్ళూరి జగపతి పంతులు గారు. పురపాలక సంఘానికీ వారే అధ్యక్షులు. వృత్తిచేత ప్లీడరు, స్వభావంచేత కూడా ప్లీడరే. ఇంట్లో మంచినీళ్ళు కావలసి వచ్చినా అందుకు మూడు కారణాలు చూపి, వాటిలో ఒకటి వీగిపోయినా మిగిలిన రెండూ నిలుస్తాయని నిరూపించి మరీ పుచ్చుకునేవారు. వారి ధర్మపత్ని మహాలక్ష్మమ్మ గారు మొదటి కారణం పూర్తికాక ముందే చెంబు అందించేవారు. ఆ దంపతులకు సంతానం లేదు. ఇంటినిండా చట్టాల పుస్తకాలు మాత్రం ఉండేవి.

సినిమాలకు ఇంకా మాటలు రాని రోజులవి. ఆ ఏటి వేసవిలో తటవర్తి కోటిలింగం అనే ఆసామి, పురపాలక సంఘం వారి అనుమతితో, కాలువ గట్టున వారి ఖాళీ స్థలంలోనే డేరా వేసి, సముద్రాలవతల ఎక్కడో తీసిన ఒక హాస్యచిత్రాన్ని ఆడించడం మొదలుపెట్టాడు. అందులో గోడలకు సున్నం వేసే కుర్రవాడొకడు రొట్టెల కొట్టువాడి కూతురిని ప్రేమిస్తాడు. నిచ్చెన మీది నుంచి ఆమెను చూస్తూ దిగి సున్నపు బాల్చీలో కాలు పెడతాడు. ఆ బాల్చీని ఊడదీసుకునే తీరిక లేక దానితోనే వీథులన్నీ పరుగెడతాడు. స్థూలకాయుడైన పోలీసువాడొకడు వెంటబడతాడు. పిల్ల తండ్రి పిండిముద్దలు విసురుతాడు. అవి గురి తప్పి పోలీసువాడికి తగులుతాయి. చివరకు ఆ పెద్దమనుషులిద్దరూ ఒకరినొకరు పిండితొట్టిలో ముంచుకునే సందట్లో కుర్రవాడు పిల్లను కౌగిలించుకుంటాడు. కథ సమాప్తం.

తెర మూగది గనుక, దాని పక్కన ముక్కాలిపీట మీద కూర్చుని కథ చెప్పడానికి ఒక వ్యాఖ్యాత ఉండేవాడు. అతని పేరు పానకాలు. హరికథలు చెప్పే దాసుగారి కొడుకు కావడం వల్ల, గోత్రం చెప్పకుండా ఏ పాత్రనూ సభకు పరిచయం చేయడం అతనికి చేతనయ్యేది కాదు. తెరమీద దొరటోపీ కుర్రవాడు కనబడగానే లేచి నిలబడి, "కౌండిన్యస గోత్రోద్భవుడు, సుధాలేపన విద్యావిశారదుడు, మన సుబ్బారాయుడు" అని గళమెత్తేవాడు. జనం ఈలలు వేసేవారు. నాయికకు పంకజవల్లి అని పేరు పెట్టాడు.

పంకజవల్లి నవ్వూ ఏడుపూ అలకా మాత్రం పానకాలు గొంతులోవి కావు. అతని పక్కనే పలచటి గుడ్డ చాటున హార్మోనియం వాయించే రత్నాంగి వేళ్ళలోవి. తెరమీద ఆ పిల్ల పెదవి విరిస్తే ఇక్కడ ఒక స్వరం విరిగేది. సుబ్బారాయుడు పలకరించినప్పుడల్లా పంకజవల్లి జవాబు చెప్పినట్టు వినబడేది. నెల తిరిగేసరికి ఆ సంభాషణ తెరతో నిమిత్తం లేకుండా కూడా సాగుతోందని డేరాలో అందరికీ తెలిసిపోయింది.

రత్నాంగిది పాటల వారి కుటుంబం. డేరా లేచిపోగానే ఆమెను ఏటి అవతలి జమీందారు గారి దివాణానికి పంపుతానని తల్లి మాట ఇచ్చి ఉంది. అక్కడ ఆమె చేయవలసిన కొలువు సంగీతమేనని అందరూ అనేవారు. అంటున్నప్పుడు ఎవరూ ఎదుటివారి కళ్ళలోకి చూసేవారు కారు. ఈలోగా పెళ్ళి చేసుకుందామంటే పురోహితులెవరూ ముందుకు రాలేదు. ఇటువంటి వివాహాలకు ఉపసంఘం వారి అనుమతి కావాలన్నారు. పానకాలు అర్జీ పెట్టుకున్నాడు. జవాబు పుచ్చుకుని డేరాకు వచ్చేసరికి రత్నాంగి హార్మోనియం మెట్లు తుడుస్తోంది.

"ఏవన్నారు?"

"మన పెళ్ళివల్ల ఊరికి కలగబోయే ప్రయోజనమేదీ అర్జీలో కనబడలేదన్నారు."

"నష్టమేవన్నా కనబడిందన్నారా?"

"ఆ ఊసెత్తలేదు."

"అయితే ఇంకా ఆశ ఉన్నట్టే" అంది రత్నాంగి. అని, తుడిచిన మెట్టునే మళ్ళీ తుడిచింది.

సరిగ్గా ఆ సాయంత్రమే జగపతి పంతులు గారు సకుటుంబంగా ఆటకు వేంచేశారు. బాల్చీ దగ్గర చిరునవ్వు నవ్వారు. పోలీసువాడికి పిండిముద్ద తగిలినప్పుడు, ప్రభుత్వోద్యోగికి జరిగిన అవమానం గనుక, పైపంచె నోటికి అడ్డం పెట్టుకుని నవ్వారు. కౌగిలి వద్ద మాత్రం నవ్వు ఆగిపోయింది. ఆడవాళ్ళు కూర్చున్న పరదా వెనకనుంచి కిలకిలలు వినవచ్చాయి. వాటిలో ఒకటి తమ ఇంటిదేనని వారు గుర్తుపట్టారు.

మర్నాడు ఉపసంఘం అత్యవసరంగా సమావేశమైంది. పానకాలునూ కోటిలింగాన్నీ పిలిపించి గోడవార నిలబెట్టారు.

"నిన్నటి దినమున తెరపై కనబడిన యువతీయువకులు దంపతులా?" అని పంతులు గారు విచారణ ప్రారంభించారు.

"కాదండి. ప్రేమలో ఉన్నారండి" అన్నాడు పానకాలు.

"ఈ పట్టణపు హద్దులలో అటువంటి స్థితి ఏదియు గుర్తింపబడలేదు. దంపతులా, కారా?"

"పెళ్ళి ఆ తరవాత చేసుకుంటారేమోనండి. బొమ్మ అక్కడితో అయిపోయింది."

"అనగా, అవివాహితులైన ఇరువురు వ్యక్తులు పురపాలక సంఘం వారి స్థలమందు కౌగిలించుకొనిరి."

"వాళ్ళు ఇక్కడ లేరండి. అది నీడండి."

"నీడ పడినది ఎవరి స్థలమందు?"

పానకాలు ఆలోచించాడు. "తమ స్థలంలోనేనండి."

కోటిలింగం చేతులు జోడించి ముందుకు వచ్చాడు. "ఆ ముక్క కత్తిరించి పారేస్తానండి బాబూ. గొడవొదిలిపోద్ది."

పంతులు గారు జాలిగా చూశారు. "కత్తిరించిన యెడల అచ్చట అకృత్యము జరిగినదని ఒప్పుకొన్నట్లగును. ఆ డేరాకు అనుమతినిచ్చినది ఎవరు? మేము. అకృత్యమును సకుటుంబముగా వీక్షించినది ఎవరు? అదియును మేమే. కావున కత్తిరించుట పొసగదు. కౌగిలికి పూర్వమే ఆ ఇరువురికి శాస్త్రోక్తముగా వివాహము జరిపింపవలెను. అప్పుడు అది దాంపత్యమగును. దాంపత్యముతో ఈ ఉపసంఘమునకు తగాదా లేదు."

సభ్యులు బల్లలు చరిచారు. సభ్యులలో పురోహితులు కూడా ఒకరుండేవారు. కామేశ్వర సోమయాజులు గారు. శాస్త్రం తప్పితే ఊరుకోరని పేరు. వారు పంచాంగం విప్పుతూ, "వధూవరుల గోత్రాలేవిటోయ్?" అని అడిగారు.

"వరుడు కౌండిన్యసండి."

"వధువు?"

పానకాలు రొట్టెల కొట్టువాడిని పరిచయం చేసేటప్పుడు కూడా, నోటినిండా పలుకుతుందని, అదే గోత్రం చెప్పి ఉన్నాడు. రోజూ చెబుతూనే ఉన్నాడు. ఊరంతా వింటూనే ఉంది.

"కౌండిన్యసేనండి."

సోమయాజులు గారు చెవులు మూసుకున్నారు. సగోత్రులు, అనగా వరసకు అన్నాచెల్లెళ్ళు. నందిరేవు పట్టణం అంతకాలమూ ఏమి చూసి చప్పట్లు కొట్టిందో తలచుకుని సభ్యులు లెంపలు వేసుకున్నారు.

"ఇవాళ్టి ఆటలో మార్చేస్తానండి" అన్నాడు పానకాలు. "భారద్వాజస అనేస్తాను."

"పుట్టుకతో వచ్చిన గోత్రం మార్చడానికి నువ్వెవడివోయ్?" అన్నారు సోమయాజులు గారు. "పిల్లను ఇంకొక గోత్రం వారికి దత్తత ఇవ్వాలి. అదొక్కటే దారి."

సభ్యులందరూ ఇళ్ళలో పెళ్ళికెదిగిన ఆడపిల్లలు ఉన్నవారే. ఇంకొక పిల్లను తెచ్చిపెట్టుకోవడానికి ఎవరికీ ధైర్యం చాలలేదు. ఒక్కొక్కరే కిటికీలోంచి కాలువ వైపు చూడసాగారు. ప్రజాహితం కోసం అధ్యక్షులే త్యాగం చేయవలసి వచ్చింది. వారిది శ్రీవత్సస గోత్రం. ఇంటికి వెళ్ళి సంగతి చెప్పారు.

"మనమొక ఆడపిల్లను పెంచుకుంటున్నాము. కారణాలు మూడు."

"ఎవరి పిల్లండీ?" అన్నారు మహాలక్ష్మమ్మ గారు, ఒక్క కారణమైనా వినకుండా.

"రొట్టెల కొట్టువాడి పిల్ల. తెరమీది పిల్ల."

"చక్కని పిల్ల. మాటలు రావు గానీ, పాపం. అల్లుడు సున్నం వేస్తాడుగా, మన దొడ్డిగోడ చూపించచ్చు." తరవాత ఆవిడ లోపలికి వెళ్ళి పాత పెట్టె తెరిచారు. ఎవరికోసమో తెలియకుండా ఏళ్ళతరబడి దాచి ఉంచిన పట్టుచీర ఒకటి అందులో ఉంది. దాన్ని ఎండలో ఆరవేశారు.

దత్తత నిర్విఘ్నంగా జరిగింది. ఆ సమయంలో పంకజవల్లి తెరమీది నుంచి తన కొత్త తండ్రి గారి వైపు నాలుక బయటపెట్టింది. కాని పుట్టింటి వియోగం వల్ల కలిగిన మారాముగా భావించి వారు క్షమించారు.

వివాహం మాత్రం అంత సాఫీగా సాగలేదు. డేరా అలంకరించారు. గుంజలకు సున్నం కొట్టించారు. ముహూర్త సమయానికి వరుడు తెరమీద ఎదురుగా నిలబడి ఉండేటట్లు బొమ్మ తిప్పేవాడికి ఆజ్ఞలు జారీ చేశారు. సన్నాయి మోగింది. సోమయాజులు గారు పీట ఎక్కి, తాళిబొట్టు వరుడి చేతికి ఆనించబోయారు. సరిగ్గా అప్పుడే వరుడు పోలీసువాడిని చూశాడు. చూసి, తెర ఈ కొసనుంచి ఆ కొసకు పరుగు లంకించుకున్నాడు.

ముహూర్తం దాటిపోతున్నది. సోమయాజులు గారు కర్తవ్యపరాయణులు. తాళి పట్టుకుని వరుడి వెంట పరుగెత్తారు. వరుడు వెనుదిరిగాడు, వారూ వెనుదిరిగారు. గుంజలకు కొట్టగా మిగిలిన సున్నం బాల్చీ ఆ తిరుగుదారిలోనే ఉంది. వారి కుడికాలు అందులో దిగి, మళ్ళీ బయటకు రావడానికి నిరాకరించింది. "ముహూర్తము అతిక్రమించుచున్నది, పట్టుడు పట్టుడు" అంటూ పంతులు గారు లేచి అడ్డం వెళ్ళారు. ఎవరిని పట్టుకోవాలో వారు చెప్పలేదు. అందుచేత దొరికిన సోమయాజులు గారినే పట్టుకున్నారు. ఇద్దరూ కలిసి తెరకు తగిలారు. తాడు తెగి, తెర ఉపసంఘం మీద పడింది. బొమ్మ తిప్పేవాడు ఆపమని ఎవరూ చెప్పలేదని తిప్పుతూనే ఉన్నాడు. పిండిముద్దలు అధ్యక్షుల వారి వీపు మీద పడ్డాయి. పోలీసువాడు వారి తలపాగా మీదుగా పరుగెత్తాడు. కౌగిలి ఎవరి మీద జరిగిందో చూసినవాళ్ళు ఇప్పటికీ ఒక్కొక్కరు ఒక్కొక్క విధంగా చెబుతారు.

అంతకుముందు ఆటలన్నింటికంటె ఇది బాగుందని జనం మెచ్చుకున్నారు. ఉపసంఘం వారు రేపు కూడా ఉంటారా అని వాకబు చేశారు.

ఉపసంఘం రేపు కూడా ఉంది. మోకాటికి కట్టు కట్టుకుని పంతులు గారు సమావేశంలో ప్రసంగించారు.

"వరుడు చంచలుడు. పీటలపై కూర్చుండు యోగ్యత లేనివాడు. అయినను న్యాయస్థానమునకు రాలేని కక్షిదారు తరఫున ముఖ్తారు హాజరగుట లేదా? ఇంతకాలము ఆ వరుని తరఫున మాటలాడుచున్నది ఎవరు?"

అందరూ పానకాలు వైపు చూశారు.

"వధువు తరఫున నవ్వుటయు ఏడ్చుటయు నెరవేర్చుచున్నది ఎవరు?"

గుమ్మం అవతల నిలబడి ఉన్న రత్నాంగి తలవంచుకుంది.

"కావున వారిరువురును ముఖ్తారులుగా పీటలపై కూర్చుండవలెను."

పానకాలు ఒక అడుగు ముందుకు వేసి, "అయ్యా, మొన్న తమరే మా అర్జీ..." అన్నాడు.

"ఆ అర్జీతో దీనికి నిమిత్తము లేదు. నీ ఇష్టాయిష్టములతో అంతకంటెను నిమిత్తము లేదు. ఇది పురపాలక విధి. అమ్మాయీ, నీకేమైనను అభ్యంతరమా?"

"విధి అన్నాక తప్పుతుందాండీ" అంది రత్నాంగి, నేల చూస్తూనే.

సోమయాజులు గారు గొంతు సవరించుకున్నారు. కాలికి ఇంకా సున్నం వాసన వస్తోంది. "ఒక్క సందేహం, పంతులు గారూ. సంకల్పంలో ఎవరి పేర్లు చెప్పను? ఎదురుగా చెయ్యి పట్టుకున్నవాళ్ళెవరో వాళ్ళ పేరే చెప్పాలి. అగ్నిహోత్రుడు తనకు కనబడ్డవాళ్ళకే సాక్షి. సినిమా ఆయన చూడలేదు."

"విధిలో లోపము రాకూడదు. కూర్చున్నవారి పేర్లే చెప్పండి."

"కన్యాదాత గోత్రం?"

"కక్షిదారుకు చెందినది ముఖ్తారుకును చెందును. శ్రీవత్ససయే. దాత నేనే."

"బాగా ఆలోచించుకున్నారా?"

"మూడు కారణములు చెప్పగలను" అన్నారు పంతులు గారు. సోమయాజులు గారు వద్దన్నట్టు చెయ్యి ఊపి, రెండవ ముహూర్తం పెట్టారు.

ఆ వివాహ వైభవాన్ని వర్ణించడానికి నాకు శక్తి చాలదు. పురపాలక సభ్యులు వరస తీరి కూర్చున్నారు. ఊరేగింపు కాలువ గట్టు వెంట మురుగు దాటుకుంటూ వచ్చింది. మహాలక్ష్మమ్మ గారు పట్టుచీర తెచ్చి రత్నాంగికి తమ చేతులతో కుచ్చెళ్ళు పోసి కట్టారు. అధ్యక్షులవారు పళ్ళెం ముందు కూర్చుని పానకాలు కాళ్ళు కడిగారు. ఆవిడ నీళ్ళు పోశారు. కన్యాదాన మంత్రం చదువుతున్నప్పుడు రత్నాంగి చెంప మీద జారిన నీటిచుక్కను ఆవిడ కొంగుతో ఒత్తి, భర్త చెవిలో, "తెరమీది పిల్లకు కన్నీళ్ళు తెచ్చిపెట్టుకున్నవో ఏమో. దీనికి నిజంగానే వస్తున్నాయి" అన్నారు.

"ముఖ్తారు బాగుగా పనిచేయుచున్నది" అన్నారు పంతులు గారు.

తాళి కట్టారు. సన్నాయి ఆగింది. వెంటనే బొమ్మ వేశారు. సుబ్బారాయుడు, గృహస్థుడై, పంకజవల్లిని ధర్మబద్ధంగా కౌగిలించుకున్నాడు. పంతులు గారు చప్పట్లు కొట్టారు. పట్టణం వారిని అనుసరించింది.

ఆ మర్నాడు పొద్దున్నే, డేరా ఎత్తేస్తున్నారన్న కబురు విని, దివాణం గుమాస్తా గూడుబండి కట్టించుకుని డేరా దగ్గర దిగాడు. రత్నాంగిని చూశాడు. అక్కడినుంచి తిన్నగా పంతులు గారింటికి వచ్చాడు. సోమయాజులు గారు అప్పటికే అక్కడ ఉన్నారు. పంతులు గారి మోకాటి కట్టు విప్పడానికి రావలసిన వైద్యుడికి తమ కాలు కూడా చూపించుకుందామని ఎదురుచూస్తున్నారు. పానకాలు, రత్నాంగి కూడా గుమాస్తా వెనకాలే వచ్చి అరుగు కింద నిలబడ్డారు. రత్నాంగి పసుపుతాడును పైటలోపల గట్టిగా పట్టుకుని ఉంది.

"జమీందారు గారు పిల్లని తీసుకురమ్మన్నారండి" అన్నాడు గుమాస్తా. "చూస్తే మెళ్ళో తాళి ఉందేవిటండి?"

"అది పురపాలక సంఘం వారి తాళి" అన్నారు పంతులు గారు. "కేవలము ముఖ్తారు హోదాలో ధరింపబడినది."

"అంటే ఉత్తుత్తిదేనన్నమాట. అయితే తీయించెయ్యండి. ఎండెక్కకుండా బయల్దేరాలి."

జమీందారు గారు పంతులు గారి పెద్ద కక్షిదారు. వారు, "అటులనే" అనబోయి నోరు తెరిచారు.

"ఒక్కమాట" అన్నారు సోమయాజులు గారు. "అది ఉత్తుత్తిదని తమరంటే, నిన్న కౌగిలికి ముందు పెళ్ళి కానట్టే. పెళ్ళికాని పిల్లను తమరు పెంచుకున్నారు. దాని కౌగిలికి తమరే చప్పట్లు కొట్టారు. ఊరంతా చూసింది. నా మటుకు నేను నిజం పెళ్ళే చేశాను. తమరు దేనికి చప్పట్లు కొట్టారో తమరే సెలవివ్వాలి."

పంతులు గారు తెరిచిన నోరు తెరిచినట్టే ఉంచారు. పెళ్ళి చెల్లదంటే, అధ్యక్షులు అకృత్యాన్ని అధ్యక్షస్థానంలో ఉండి ప్రోత్సహించారు. చెల్లుతుందంటే, తాము తోసిపుచ్చిన అర్జీని తామే కాళ్ళు కడిగి నెరవేర్చారు. తమ జీవితంలో మొదటిసారిగా వారికి ఒక్క కారణం కూడా తోచలేదు. గుమ్మం వైపు తిరిగి, "మంచినీళ్ళు" అన్నారు.

మహాలక్ష్మమ్మ గారు చెంబుతోనే నిలబడి ఉన్నారు. ఇవ్వలేదు.

"ఎందుకో చెప్పండి" అన్నారు.

"దాహముగా ఉన్నది."

"నాకు పిల్లలు లేరు. మీరు తెచ్చిచ్చారు. అల్లుడి కాళ్ళ మీద నీళ్ళు పోసింది నేను. ఊరందరి ముందూ పోశాను. ఇప్పుడు నా కూతురికి పెళ్ళి కాలేదని గుమాస్తా గారితో చెబుతారా? చెప్పండి, వింటాను. మూడూ వింటాను."

గుమాస్తా గూడుబండి వైపు చూశాడు. పానకాలు కథ చెప్పేవాడే గాని, ఈ కథ చివర ఏముందో అతనికి తెలియదు. రత్నాంగి పైటలోంచి చెయ్యి తీయలేదు.

పంతులు గారు లేచారు. లేవగానే పూర్వపు గాంభీర్యం తిరిగి వచ్చింది. అరుగు మీదనే ఉపసంఘం సమావేశమైనట్టు ప్రకటించి, సోమయాజులు గారిని సాక్షిగా పెట్టుకుని తీర్మానం చదివారు.

"తెరపైని దంపతుల వివాహమును, తెర ముందరి దంపతుల వివాహమును ఒక్కటియే. వీనిలో ఏ ఒక్కటి చెల్లదనువారైనను ఈ పట్టణపు సదాచారమును ధిక్కరించినవారగుదురు. పూర్వపు అర్జీయందు కనబడని ప్రయోజనము ఇప్పుడు పట్టణమునకు స్పష్టముగా కనబడినందున, ఆ అర్జీ పెట్టుకొనక పూర్వమే మంజూరైనట్లు భావింపవలెను." గుమాస్తా వైపు తిరిగి, "జమీందారు గారికి మా నమస్కారములు. మా అమ్మాయి రాదు" అన్నారు.

అప్పుడు చెంబు అందింది.

ఆ సాయంత్రం డేరాలో చివరి ఆట. మర్నాడు కోటిలింగం ఇంకొక ఊరు పోతున్నాడు. పంతులు గారు, పెళ్ళికూతురి తండ్రి హోదాలో, ముందు వరసలో కూర్చున్నారు. ఆనాటికి పరదా మాట మరిచి మహాలక్ష్మమ్మ గారు కూడా పక్కనే కూర్చున్నారు. సుబ్బారాయుడు బాల్చీలో కాలు పెట్టాడు. పానకాలు అంత బాగా ఎన్నడూ చెప్పలేదు. పంకజవల్లి అంత తియ్యగా ఎన్నడూ నవ్వలేదు. పిండితొట్టి దగ్గర పెద్దమనుషులిద్దరూ కలబడ్డారు. కుర్రవాడు పిల్ల వైపు చేతులు చాపాడు.

ఆ క్షణాన వ్యాఖ్యానం ఆగిపోయింది. హార్మోనియం కూడా ఆగిపోయింది. నందిరేవు ప్రజలు మూగబొమ్మను మొట్టమొదటిసారిగా నిజంగా మూగగా చూశారు. ముక్కాలిపీట ఖాళీగా ఉంది. పలచటి గుడ్డ వెనక దీపం మాత్రం ఉంది. వదిలేసిన హార్మోనియం తిత్తి ఒక్కసారి దీర్ఘంగా నిట్టూర్చి ఊరుకుంది.

పంతులు గారు ఉలిక్కిపడి లేచి నిలబడ్డారు. "అచ్చట ఏమి జరుగుచున్నది?"

మహాలక్ష్మమ్మ గారు వారి పైపంచె కొస పట్టుకుని కిందికి లాగారు.

"కూర్చోండి. వాళ్ళకి పెళ్ళయింది."

ఏ జంట సంగతి అన్నారో ఆవిడ చెప్పలేదు. పంతులు గారు కూర్చున్నారు.